ఔనా కాదా వదినమ్మా

పరుశురాం ఇంటి నుంచి పెళ్లి పిలుపు ఫోనులో వచ్చింది. ఆ ఫోనైనా పరుశురాం చేయలేదు, అతని భార్య పద్మారాణీ చేయలేదు. అతని మగ్గాల ఖాతాలో, అంటే కార్ఖానాలో, మేనేజరు మొండయ్య చేశాడు.

అప్పుడు స్వరాజ్యం సూరత్‌లో వడోద్ బస్తీలోని తన ఇంటి గుమ్మంలో కూర్చుని చీర కొంగుకు రాళ్లు అతికిస్తోంది. గమ్ము చుక్క పెట్టాలి, వేలి కొస తడి చేసుకుని రాయిని ఎత్తాలి, చుక్క మీద ఆనించి అదిమి వదలాలి. ఒక్కో కొంగుకు నాలుగు వందల రాళ్లు. చేతులకు గమ్ము అంటి ఉందని ఫోను స్పీకరులో పెట్టి గడప మీద ఉంచింది. పక్కింటి సంధ్యారాణి చీరలకు లేసు కుడుతూ మిషను ఆపి చెవులు రిక్కించింది. ఇద్దరూ ఒకే పాటల జట్టు. స్వరాజ్యం ముందు పాట ఎత్తితే సంధ్యారాణి, ఇంకో నలుగురు ఆడవాళ్లు వెనక అందుకుంటారు.

"స్వరాజ్యమక్కా, ఆదివారం సేఠ్ బిడ్డ పెండ్లి. బంతి కాడ మీ జట్టు పాడాలె. మొగపిలగానోళ్లది భీవండి. పాటలు లేకుంటె ఇస్తరి ముందట కూసోమంటున్నరు" అన్నాడు మొండయ్య.

"డీజే పెట్టుకోమను."

"డీజే ఉండనే ఉన్నది. పిలగాని నాయనమ్మకు పాత పాటలే గావాలెనంట. ఇంకో ముచ్చట. ఆ డప్పు పిల్లను గూడ తీస్కరమ్మన్నడు సేఠ్. పాతది మనసుల పెట్టుకోలేదని నలుగురికి తెల్వాలె గద."

స్వరాజ్యం వేలి కింద రాయి జారిపోయి గమ్ము కొంగు మీది పువ్వంతా అలికినట్టయింది. పుండు చేసినవాడే వచ్చి కారం చల్లి, ఇది మందు అని చెబుతుంటే వినాల్సి వచ్చింది.

"వస్తం" అంది.

ఫోను ఆగగానే సంధ్యారాణి లేచి నిలబడింది. "వస్తమా? నీకేమన్న పిచ్చి లేసిందా అక్కా? ఇంటికొచ్చి బొట్టు పెట్టలే, ఆకువక్క ఇయ్యలే. గింత కుక్కను పిలిచినట్టు పిలిస్తె పోతమా? ఆ పోరిని అంతగనం జేసినోని ఇంటికి?"

"ఊకో. బొట్టు పెట్టకపోవుడే మంచిగైంది."

"ఏం మంచిగైంది?"

స్వరాజ్యం పాడైన రాయిని గోటితో గీకి తీసి, తడిగుడ్డతో గమ్ము తుడిచి, మళ్లీ చుక్క పెట్టింది. సంధ్యారాణి నోరు సోలెడంత. చెబితే సాయంత్రానికల్లా గల్లీ గల్లీ తిరిగి వస్తుంది.

జరిగింది ఇంతే. పోయిన సద్దుల బతుకమ్మ నాడు, సమాజ్ వాడిలో, అంటే కులసంఘం హాలులో, స్టేజీ వెనక గదిలో, హిమశ్రీ పెద్ద బల్బు వేడికి డప్పు కాచుకుంటూ ఒక్కతే ఉంది. ఆమె స్వరాజ్యం చెల్లెలి కూతురు, ఇరవై రెండేళ్లది. సమాజం అధ్యక్షుడు పరుశురాం లోపలికి వచ్చి తలుపు దగ్గరకు వేశాడు. నడుం మీద చెయ్యి వేశాడు. హిమశ్రీ చేతిలో ఉన్న డప్పు కొట్టే చిర్రపుల్లతో ఆ చేతిని కొట్టింది. వేలు విరిగింది. మూడోనాడు పెద్దమనుషులు కూర్చున్నారు. పాటకు టైమైందని చెప్పబోతే పిల్ల పొగరుతో కొట్టిందన్నాడు పరుశురాం. అసలు మన కులంలో ఆడపిల్ల డప్పు పట్టడమేమిటని ఇంకొకడన్నాడు. హిమశ్రీ తండ్రి పరమేశ్ పరుశురాం ఖాతాలోనే సాంచె మగ్గాలు నడుపుతాడు. అతను తల వంచుకున్నాడు. ఆ ఆదివారం అదే హాలులో అందరి ముందూ ఆ పిల్లను స్టేజీ ఎక్కించి, మైకులో పేరూ ఇంటిపేరూ చెప్పించి, చేతులు జోడించి తప్పైందనిపించారు. హాలులో చప్పట్లు కొట్టారు. మూడు వీధులకు వినబడే గొంతున్న స్వరాజ్యం ఆ రోజు నాలుగో వరసలో కూర్చుని కిమ్మనలేదు. నాలుగు నెలలైంది. పరుశురాం మీద ఎంత పగ ఉందో, తన నోటి మీదా ఆమెకు అంతే పగ ఉంది.

మర్నాడు పొద్దున్నే చెల్లెలి ఇంటికి వెళ్లింది. పరమేశ్ అప్పుడే రాత్రిపాళీ దిగి వచ్చాడు. తలలో, కనుబొమల్లో తెల్లని దూది నూగు. సాంచెల మోత మధ్య బతికే మనిషి కాబట్టి ఇంట్లోనూ కేకేసినట్టే మాట్లాడతాడు. పరుశురాం పేరు వినగానే గొంతు పడిపోయింది.

"వదినె, మొండయ్య నాకు గూడ చెప్పిండు. ఖాతాల పనిజేసే కారీగర్లంత బంతిల వడ్డించాలెనంట. పోతే పోదాం. పాడి రాండ్రి. అంతకుమించి ఏం వద్దు. నీ కాళ్లు మొక్కుత."

"నా కాళ్లెందుకు మొక్కుతవు పరమేశ్? మొక్కెటోనికి మొక్కినవు గద."

అని, అనకుండా ఉండాల్సిందనుకుంది. పరమేశ్ చెంబుతో నీళ్లు తీసుకుని బయటికి వెళ్లి మొహం కడుక్కోవడం మొదలుపెట్టాడు. కడిగిందే కడుగుతూ చాలాసేపు అక్కడే ఉండిపోయాడు.

హిమశ్రీ మార్కెట్‌కు వెళ్లడానికి తయారవుతోంది. ఒక చీరల దుకాణంలో ఫొటోలు తీసి ఆన్‌లైన్‌లో ఎక్కించే పని. దసరా నుంచి డప్పు ముట్టలేదు. ఈ అమ్మాయి నవ్వితే వీధి చివర వినబడేది, ఇప్పుడు బిస్కెట్ తిన్నా చప్పుడు కాకుండా తింటోంది.

స్వరాజ్యం తలుపు చేరవేసి, ఎదురుగా కూర్చుని, మనసులో ఉన్నది చెప్పింది. బంతి పాటల్లో ఎవరినేమన్నా చెల్లుతుంది. ఆ కట్టు తాతల నాటిది. తాళి కట్టాక వియ్యంకులిద్దరూ ఎదురెదురుగా విస్తళ్ల ముందు కూర్చుంటారు. ఈ వైపు ఆడవాళ్లు ఆ వైపు పెద్దమనిషిని పాటలో తిడతారు, చరణం చివర 'ఔనా కాదా వదినమ్మా' అని అడుగుతారు. అతని భార్య 'కాదే వదినా కాదే' అని ఎత్తుకుని తిరుగు పాట పాడాలి. తిట్లు తిన్నవాడు నవ్వుతూ అన్నం తినాలి. పాట అయ్యేలోగా విస్తరి ముందు నుంచి లేచాడా, పాడిందంతా నిజమని ఒప్పుకున్నట్టే.

"నీ పేరు రానియ్య బిడ్డా. డప్పు పిల్ల అని పాడుత, అంతే" అంది స్వరాజ్యం.

హిమశ్రీ జడకు రబ్బరు బ్యాండు చుడుతూ ఆగిపోయింది. "పేరెందుకు వద్దు పెద్దమ్మా? ఆ రోజు మైకుల నా పూరా నామ్ చెప్పించిండ్రు గదా. ఇంటిపేరు గూడ. తప్పైందని చెప్పినప్పుడు పేరు గావాలె, గిప్పుడు వద్దా? పేరు పెట్టే పాడు. లేకుంటె నేను రాను."

"మీ నాయిన నౌకరీ?"

"నాయినకు నేను చెప్త. సూరత్‌ల గా ఒక్క ఖాతానే ఉన్నదా?" కుర్చీ ఎక్కి అటక మీది బొంతల కింద నుంచి డప్పు లాగింది. నాలుగు నెలల చెమ్మ పట్టి తోలు వదులైంది. వేళ్లతో ఒకసారి తట్టి చూసి మొహం చిట్లించింది. "గుడ్డలెక్క పలుకుతున్నది. ఇస్త్రీ పెట్టె ఏదే అమ్మా?" అంది. పొయ్యి దగ్గర నుంచి లేచి వచ్చిన చెల్లెలు ఇస్త్రీపెట్టె తెచ్చి కూతురి పక్కన పెట్టి, ప్లగ్గు కూడా తనే పెట్టింది.

శనివారం సాయంత్రం భీవండి బస్సు వాడి ముందు ఆగింది. ఎదుర్కోళ్ల పానకం బిందెలు, డీజే మోత, గులాబీ నీళ్లు చల్లే మిషను. పరుశురాం గేటు దగ్గర తెల్ల సూటులో నిలబడి అందరినీ కౌగిలించుకుంటున్నాడు. విరిగిన వేలు కొంచెం వంకరగా అతుక్కుంది. దానికే పెద్ద పచ్చరాయి ఉంగరం పెట్టాడు. స్వరాజ్యాన్ని చూసి, "వచ్చినవా? మంచిగ పాడుండ్రి. మన సూరత్ ఇజ్జత్ నీ చేతుల ఉన్నది" అన్నాడు. వెనకే ఉన్న హిమశ్రీ వైపు తిరిగి, "ఏం బిడ్డా, అంత సల్లగేనా?" అని తల మీద చెయ్యి వేయబోయాడు. హిమశ్రీ డప్పును తలకెత్తుకుంది. అతని చెయ్యి గాలిలోనే ఆగి, ఎవరికో నమస్కారం పెట్టింది.

పెళ్లికొడుకు నాయనమ్మ నాగేశ్వరికి డెబ్బై అయిదు దాటాయి. ఇద్దరు మనవరాళ్ల భుజాలు పట్టుకుని దిగింది. దిగుతూనే, "పాడేటోళ్లేరీ? ముందుగాల్ల వాళ్ల మొకాలు చూపియ్యండ్రి" అంది. స్వరాజ్యం వెళ్లి పక్కన కూర్చుంది.

"మా దిక్కు మస్తు పాడుతుండెనే" అంది ముసలామె. "ఒకామె పాయె. ఒకామెకు మోకాలు ఆపరేషన్. ఈ పోరీలకు రీల్సు తప్ప ఏం రాదు. మా వియ్యంకున్ని తిట్టకుంట ఒట్టిగ తిని పోవాల్నా? నా జన్మల గిట్ల కాలే."

"మీ దిక్కు మేం పాడుతం అమ్మా."

"మీరు పిల్లదిక్కోళ్లు గదనే."

"మాకు ఇంకా ఎవ్వరు బొట్టు పెట్టలే."

ముసలామె కళ్లద్దాల పైనుంచి చూసింది. పాటగత్తెలు ఏ వైపున్నారన్నది ఉన్న ఊరును బట్టి ఉండదు, కులాన్ని బట్టీ ఉండదు. ఎవరు బొట్టు పెట్టి పిలిస్తే వాళ్ల వైపే. ఆ మాటా తాతల నాటిదే. పరుశురాంకు అది తెలియక కాదు. తప్పు ఒప్పుకున్నవాళ్లకు బొట్టెందుకులే అనుకున్నాడు.

"పిలిచి బొట్టు గూడ పెట్టలేదా? గంత పెద్ద సేఠు?" నాగేశ్వరి సంచీలోంచి భరిణె తీసింది. స్వరాజ్యానికి, సంధ్యారాణికి, వెనక నలుగురికి, చివరగా హిమశ్రీకి బొట్టు పెట్టింది. హిమశ్రీ గడ్డం పట్టుకుని మొహం తిప్పి చూసింది. "ఈ పిల్ల నవ్వదేందే?"

"రేపు నవ్వుతది" అంది స్వరాజ్యం.

"అయితే ఏదో ఉన్నది" అంది ముసలామె. ఉన్నదేమిటో అడగలేదు. భరిణె మూత బిగించి, "తాళి పడ్డంక పాడుండ్రి. దానికి ముంగట వద్దు. పెండ్లిపిల్ల మంచిది" అంది.

"నాకు గూడ ఎరికనే అమ్మా."

ఆదివారం పదకొండున్నరకు తాళి పడింది. పన్నెండింటికి బంతి వేశారు. స్టేజీ కింద తివాచీ మీద రెండు వరసలు, మధ్యలో విస్తళ్లు. కొత్త దంపతులు ఒక చివర, పరుశురాం, భీవండి వియ్యంకుడు ఎదురెదురుగా. వెనక కుర్చీల్లో నాలుగు వందల మంది. ఖాతా కారీగర్లు బకెట్లతో తిరుగుతున్నారు. వాళ్లలో పరమేశ్ అన్నం బకెట్ మోస్తున్నాడు. ఇలాంటప్పుడు ఆడవాళ్లు వరసల వెనక నేల మీద కూర్చుని పాడటం వాడుక. నాగేశ్వరి వినలేదు.

"నాకు చెవులు ఇనవడయి. పైకెక్కి నిలవడి పాడుండ్రి. మైకు పట్టుండ్రి."

వాళ్లు స్టేజీ ఎక్కారు. ఆరుగురు ఆడవాళ్లు, మధ్యలో నడుముకు కొంగు బిగించి డప్పు వేసుకున్న హిమశ్రీ. పరుశురాం ముందు నవ్వాడు. వాళ్లు నిలబడింది వియ్యంకుడి వైపు అని గమనించాక మొండయ్యను కళ్లతో పిలిచాడు. మొండయ్య పరుగున వచ్చాడు గానీ, నాగేశ్వరి చేతికర్ర అడ్డం పెట్టింది. "బొట్టు నేను పెట్టిన. ఏమున్నా నాతోని మాట్లాడు" అంది. అతను వచ్చిన దారినే పోయాడు.

స్వరాజ్యం గొంతు సవరించుకుంది. పాట చల్లగానే ఎత్తుకుంది.

"బుర్ర మీసం దువ్వుకొచ్చె పెండ్లి పెద్ద
అద్దం జూసి అదిరిపడె, ఔనా కాదా వదినమ్మా!"

హిమశ్రీ ఒక్క దరువు వేసింది. హాలంతా గొల్లుమంది. పరుశురాం మీసం తడుముకుని తనూ నవ్వాడు. పద్మారాణి నెయ్యి గిన్నెతో వరస వెంట వస్తోంది. ఆమె తరఫున ఆమె ఆడబిడ్డ మైకు తీసుకుని "కాదే వదినా కాదే" అంటూ భీవండి వియ్యంకుడి బట్టతల మీద ఏదో అల్లింది.

"నూరు సాంచెల సేఠునంట, నోరు జూస్తె పెద్దదంట
ముద్దపప్పు మింగవోయి మూతి గాల్చె, ఔనా కాదా వదినమ్మా!"

మళ్లీ నవ్వులు, మళ్లీ కాదే వదినా కాదే. అలా నాలుగు చరణాలు నడిచాయి. పరుశురాం కుదుటపడ్డాడు. పప్పు కలుపుకున్నాడు. వీడియో తీసేవాడిని దగ్గరకు రమ్మన్నాడు. అతను మొదటి ముద్ద నోట్లో పెట్టుకునేదాకా స్వరాజ్యం ఆగింది. విస్తరి ఎంగిలి అయ్యాక లేస్తే ఇంకా అప్రదిష్ట. ఆమెకు ఆ ముద్దే కావాలి.

"సద్దుల బతుకమ్మ నాడు, స్టేజి ఎనక మూల అర్ర
డప్పు గాసే పిల్ల కాడ సేఠుకేమి పని ఉండె, ఔనా కాదా వదినమ్మా!"

నవ్వబోయిన వాళ్ల నోళ్లు నవ్వు దగ్గరే ఆగాయి. సంధ్యారాణి వెనక పాట అందుకోవడం మరిచి ఒక క్షణం స్వరాజ్యం వైపు చూసింది. తర్వాత అందరికంటే గట్టిగా అందుకుంది. స్వరాజ్యం ఊపిరి పీల్చుకునే సందు కూడా ఇవ్వలేదు.

"తలుపు మూసి చెయ్యి జాపె, చిర్ర తాకి ఏలు ఇరిగె
ఇరిగినోడు గద్దె ఎక్కె, కొట్టినామె మొక్కవట్టె, ఔనా కాదా వదినమ్మా!"

"ఇదే స్టేజి, ఇదే మైకు, పేరు జెప్పి తప్పు అనిరి
గా పేరే నేను జెప్త, హిమశ్రీ, ఇను వదినమ్మా!"

హిమశ్రీ దరువు మార్చింది. నాలుగు నెలలుగా ఆపి ఉంచినదంతా చేతుల్లోంచి వచ్చింది. వరస మధ్యలో పరమేశ్ అన్నం బకెట్ కింద పెట్టేశాడు. ఎవరో "ఇటు అన్నం" అన్నారు. అతను కదల్లేదు. కూతురి వైపే చూస్తున్నాడు.

పరుశురాం తేలు కుట్టిన దొంగలా కూర్చున్నాడు. లేస్తే నిజమవుతుంది, కూర్చుంటే వినాలి. మొహం మీద నవ్వు ఎండిన గమ్ములా అతుక్కుని ఉంది. చూస్తున్న స్వరాజ్యానికి ఒళ్లంతా తీపెక్కింది. ఆ పిల్లకు నువ్వు చేసినదానికి ఇది చాలదు, ఇంకో పది చరణాలున్నాయి, తిను, అనుకుంది. ఒక్కసారి చూపు పెళ్లికూతురి మీద పడింది. ఆ అమ్మాయి తల వంచి అన్నంలో వేలితో గీతలు గీస్తోంది. తీపి కొంచెం తగ్గింది. అయినా స్వరాజ్యం చూపు తిప్పుకుంది.

ఇప్పుడు తిరుగు పాట రావాలి. ఆడబిడ్డ మైకును పక్కనామెకు ఇచ్చింది. ఆమె ఇంకొకామెకు ఇచ్చింది. నిప్పు కణికలా చేతులు మారి మారి చివరకు పద్మారాణి దగ్గర ఆగింది. ఆమె నెయ్యి గిన్నె కింద పెట్టింది. కొంగుకు చేతులు తుడుచుకుంది. ఒక్కో వేలూ విడివిడిగా, తొందర లేకుండా తుడుచుకుంది.

"కాదు అను" అన్నాడు పరుశురాం పళ్ల సందు నుంచి. "కాదే వదినా అని ఎత్తు. ఏం జూస్తున్నవ్? పాడు!"

పద్మారాణి పాడగా ఎవరూ వినలేదు. సమాజంలో ఏ కార్యక్రమానికైనా ఆమె పని జ్యోతి వెలిగించి కూర్చోవడమే. మైకు పట్టుకోవడం కూడా సరిగ్గా రాలేదు. మొదటి మాట ఊపిరిగానే వినబడింది. రెండోసారి గొంతు వచ్చింది. సన్నగా, కొంచెం శ్రుతి తప్పి, కానీ మాట మాటా తెలిసేలా.

"ఔనే వదినా ఔనే..."

డప్పు ఆగిపోయింది.

"ఔనే వదినా ఔనే, నువ్వు పాడింది ఒక్క నాటిది
ఇరువై ఆరేండ్ల పాట నా కడుపుల దాగున్నది."

ఆమె స్టేజీ వైపు చూడటం లేదు. విస్తరి ముందు కూర్చున్న మనిషి వైపే తిరిగి ఉంది.

"పనికొచ్చిన పిల్లలెందరు, పని ఇడిసిన పిల్లలెందరు
లెక్క నేను జెప్పాల్నా, ఔనా కాదా పెనిమిటీ?"

పరుశురాం రెండు చేతులూ నేలకానించి లేవబోయాడు. నాగేశ్వరి చేతికర్ర చివర అతని భుజం మీద మెల్లగా వాలింది. "కూసో వియ్యంకుడా. నీ పెండ్లాం పాట ఇంకా కాలే" అంది ముసలామె. పెళ్లికూతురు తల ఎత్తి తల్లిని చూసింది. చూసి, కొంచెం పక్కకు జరిగి, తన పక్కన తల్లికి కూర్చునే చోటు చేసింది. పద్మారాణి కూర్చోలేదు.

స్వరాజ్యం చేతిలో మైకు ఉంది, నోట్లో పది చరణాలున్నాయి. వాటిని నాలుగు నెలలు గమ్ము చుక్కల మీద, రాళ్ల మీద ఒక్కొక్కటే అల్లుకుంది. ఈ ఆడమనిషి ముందు అవన్నీ ఎందుకూ కొరగాకుండా పోయాయి. ముందు కోపం వచ్చింది, తన పగను ఎవరో చేతిలోంచి లాక్కుపోయినట్టు. వెంటనే సిగ్గు వేసింది. నాలుగు నెలలకే తనకు కడుపు ఇంత మండితే, ఇరవై ఆరేళ్లుగా నెయ్యి వడ్డిస్తున్న మనిషి కడుపులో ఏముందో ఒక్కనాడూ అడగలేదు. ఎంతసేపూ ఆమెను సేఠు పెళ్లామనే చూసింది.

పద్మారాణి గొంతు తర్వాతి చరణం దగ్గర తడబడింది. పాట తెలియని మనిషి కాబట్టి ఎక్కడ ఊపిరి తీసుకోవాలో తెలియక ఆగింది. హాలు మొత్తం ఎదురుచూస్తోంది.

"పెద్దమ్మా" అంది హిమశ్రీ చిన్నగా, చిర్రపుల్ల ఎత్తి పట్టుకుని.

స్వరాజ్యం ఒక అడుగు వెనక్కి వేసి సంధ్యారాణి పక్కన, వరసలో నిలబడింది. ఇరవై ఏళ్లుగా అందరికంటే ముందు పాట ఎత్తిన మనిషి, మొదటిసారి వెనక పాట అందుకుంది.

"ఔనా కాదా పెనిమిటీ..."